గుండె వేగం తప్పినప్పుడు



ఆండర్సన్‌పేటలో పూలు కట్టి అమ్ముకునే ఒక తల్లి సంగతి ముందుగా మీకు చెబుతాను. ఆమె వయసు నలభై లోపే. మూర వేసి పూలు కొలుస్తున్నప్పుడో, నీళ్ళ బిందె ఎత్తడానికి వంగినప్పుడో ఉన్నట్టుండి గుండె దడదడా కొట్టుకోవడం మొదలయ్యేది. "ఎవరో స్విచ్ వేసినట్టు మొదలవుతుంది సార్, స్విచ్ తీసినట్టు ఆగిపోతుంది" అని చెప్పేది. దడ ఉన్నంతసేపూ గొంతు కింద నరం ఎగిరెగిరి పడేది. కళ్ళు బైర్లు కమ్మేవి. ఆగిపోయిన తరువాత రెండు మూడుసార్లు మూత్రం ధారాళంగా వచ్చేది. ఆటో పిలుచుకుని ఆసుపత్రికి పోయేసరికి అంతా సర్దుకునేది. నాడి ఎనభై, రక్తపోటు మామూలు, ఇ.సి.జి.లో ఏ లోపమూ లేదు.

ఒకచోట గ్యాస్ అన్నారు. మరొకచోట గాబరా అన్నారు, నిద్రమాత్రలు రాసిచ్చారు. ఇంట్లో అత్తగారు దిష్టి తీయించింది, తాయెత్తు కట్టించింది. ఇలా ఏడేళ్ళు గడిచాయి. చివరకు తనది పిరికిగుండె అని ఆమె కూడా నమ్మేసింది. నిజానికి స్విచ్ వేసినట్టు మొదలై స్విచ్ తీసినట్టు ఆగుతుందన్న ఆ ఒక్క మాటలోనే ఆమె జబ్బు పేరు ఉంది. భయం వల్ల వచ్చే దడ మెల్లగా పెరిగి మెల్లగా తగ్గుతుంది. అలా టక్కున మొదలు కాదు, టక్కున ఆగదు.

గుండెకూ స్విచ్చుకూ సంబంధం ఏమిటని మీకు అనిపించవచ్చు. గుండె విద్యుత్తుతోనే నడుస్తుంది. ఈ మాట కె.జి.ఎఫ్. వాళ్ళకు చెప్పడం తేలిక. 1902లో శివనసముద్రం జలపాతం దగ్గర పుట్టిన కరెంటు 147 కిలోమీటర్లు తీగల మీద ప్రయాణించి మన గనులకు వచ్చింది. బెంగళూరు వీధుల్లో దీపాలు వెలగక ముందే ఇక్కడ గనుల్లో యంత్రాలు తిరిగాయి. అదే 1902లో హాలండు దేశంలో ఐంథోవెన్ అనే శాస్త్రజ్ఞుడు మనిషి గుండెలో పుట్టే అతి సన్నని విద్యుత్తును గీతలుగా పట్టి లోకానికి చూపించాడు. ఈనాటి ఇ.సి.జి.కి అదే మూలం. ఆ పనికి ఆయనకు 1924లో నోబెల్ బహుమతి వచ్చింది.

గుండె పై భాగంలో కుడివైపు సైనస్ నోడ్ అనే చిన్న కణాల ముద్ద ఉంది. మన ఇంటి పవర్‌హౌస్ అదే అనుకోండి. విశ్రాంతిగా ఉన్నప్పుడు నిమిషానికి 60 నుంచి 100 సార్లు అక్కడ కరెంటు పుడుతుంది. అది ముందు పై గదులను, అంటే కర్ణికలను, ముడుచుకునేలా చేస్తుంది. తరువాత మధ్యలో ఉన్న ఎ.వి. నోడ్ అనే ద్వారం దగ్గర క్షణంలో పదో వంతు ఆగుతుంది. పై గదుల్లోని రక్తం కింది గదుల్లోకి దిగడానికే ఈ ఆలస్యం. ఆ తరువాత కరెంటు కింది గదులకు, అంటే జఠరికలకు, పాకి అవి రక్తాన్ని ఒంటికంతా తోస్తాయి. ఇలా రోజుకు సుమారు లక్ష సార్లు జరుగుతుంది.

గుండె వేగంగా కొట్టుకుంటే రక్తం ఎక్కువ పారాలి కదా, నీరసం ఎందుకు వస్తుందని చాలామంది అడుగుతారు. గనిలో రాయిని పైకి తెచ్చే తొట్టిని తలుచుకోండి. తొట్టి నిండే దాకా ఆగి పైకి లాగితే రాయి వస్తుంది. నిండక ముందే గబగబా లాగుతూ పోతే మోటారు తిరుగుతుంది, తాడు అరుగుతుంది, పైకి వచ్చే రాయి మాత్రం తక్కువ. గుండె నిమిషానికి 190 సార్లు కొట్టుకున్నప్పుడు అదే జరుగుతుంది. రెండు దెబ్బల మధ్య నిండడానికి వ్యవధి చాలదు. పైగా గుండె కండరానికి కావలసిన రక్తం కూడా ఆ విశ్రాంతి వ్యవధిలోనే ఎక్కువగా అందుతుంది. అందుకే కళ్ళు తిరుగుతాయి, ఛాతీ పట్టేస్తుంది, కొందరు స్పృహ తప్పుతారు.

అయితే వేగం పెరిగిన ప్రతి గుండే జబ్బు గుండె కాదు. జ్వరం వస్తే గుండె వేగం పెరుగుతుంది. విరేచనాలై ఒంట్లో నీరు తగ్గితే పెరుగుతుంది. గర్భిణీ స్త్రీలకు కొంత పెరగడం సహజం. థైరాయిడ్ ఎక్కువగా పనిచేసినా పెరుగుతుంది. రక్తహీనత సంగతి వేరుగా చెప్పాలి. 2019-21 జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వేలో మన దేశంలో 15 నుంచి 49 ఏళ్ళ స్త్రీలలో వందకు 57 మందికి రక్తహీనత ఉన్నట్టు తేలింది. రక్తంలో సత్తువ తగ్గితే ఉన్న రక్తాన్నే గుండె ఎక్కువసార్లు తిప్పవలసి వస్తుంది. ఇలాంటప్పుడు గుండెను నెమ్మదింపజేసే మాత్ర మింగడం సరికాదు. గుండె తన పని తాను చేస్తోంది. వైద్యం జ్వరానికి చేయాలి, రక్తహీనతకు చేయాలి.

మన ప్రాంతంలో ఇంకొక గుంపు ఉన్నారు, గనుల్లో పనిచేసి వచ్చిన పెద్దలు. 1940 నుంచి 46 దాకా ఇక్కడి గనుల్లో 7,653 మంది కార్మికులను పరీక్షిస్తే వందకు దాదాపు 44 మంది ఊపిరితిత్తుల్లో రాతిపొడి జబ్బు, అంటే సిలికోసిస్, కనిపించింది. ఈ లెక్క ఇప్పటికీ వైద్య విద్యార్థుల పుస్తకాల్లో ఉంది. 2001 ఫిబ్రవరి 28న గనులు మూతపడ్డాయి. ఆనాడు ఇరవై అయిదేళ్ళ కుర్రవాడు ఇప్పుడు యాభై ఏళ్ళ మనిషి. గని మూతపడినా ఊపిరితిత్తుల్లో దిగిన పొడి బయటికి పోదు. ఆ మచ్చలు పడిన ఊపిరితిత్తుల గుండా రక్తాన్ని నెట్టలేక గుండె కుడివైపు అలసిపోతుంది, పై గదులు సాగుతాయి. సాగిన గదుల్లో కరెంటు దారి తప్పుతుంది. దానికి తోడు ఆయాసానికి వాడే సాల్‌బుటమాల్, థియోఫిలిన్ వంటి మందులు కూడా గుండె వేగాన్ని పెంచుతాయి. పెద్దాయన "నాకు ఆయాసం పాతదే" అంటాడు, ఇంట్లోవాళ్ళూ అదే అంటారు. ఎవరూ ఆయన నాడి పట్టుకుని చూడరు. ఈ పెద్దల విషయంలో మనం చేస్తున్న పొరపాటు ఇదేనని నా అభిప్రాయం. ఆయాసం హఠాత్తుగా ఎక్కువైతే ఊపిరితిత్తులతో పాటు గుండె లయను కూడా చూడాలి. అలాగని దడ వచ్చిందని ఆయాసం మందు సొంతంగా మానేయకూడదు. మోతాదు ఎంతో డాక్టరే చెప్పాలి. చాలాసార్లు ప్రాణవాయువు అందించి, ఊపిరితిత్తుల్లో చేరిన ఇన్‌ఫెక్షన్‌కు వైద్యం చేస్తేనే సగం దడ తగ్గుతుంది.

నాడి చూడడానికి చదువు అక్కరలేదు. అరచేయి పైకి పెట్టి, బొటనవేలి వైపు మణికట్టు మీద మూడు వేళ్ళు ఆనించండి. గడియారం చూస్తూ అర నిమిషం లెక్కపెట్టి రెట్టింపు చేయండి. అంకె ఎంత ముఖ్యమో లయ కూడా అంతే ముఖ్యం. కుట్టుమిషను కుట్టినట్టు సమంగా కొట్టుకుంటోందా, లేక రేకుల కప్పు మీద వాన చినుకులు పడ్డట్టు తాళం లేకుండా కొట్టుకుంటోందా అని చూడండి. ఈ తేడా చెప్పగలిగితే డాక్టరుకు సగం దారి చూపించినట్టే.

పూలమ్మే తల్లికి వచ్చింది సమంగా ఉండే రకం. దీన్ని సుప్రావెంట్రిక్యులర్ టాకికార్డియా అంటారు, పొట్టిగా ఎస్.వి.టి. అంటారు. నిమిషానికి 150 నుంచి 250 దాకా ఉంటుంది. పుట్టుకతోనే కొందరికి ఆ ద్వారం దగ్గర కరెంటుకు ఒక దారికి బదులు రెండు దారులు ఉంటాయి. మరికొందరికి పై గదికీ కింది గదికీ మధ్య దొంగదారి ఒకటి ఉంటుంది. ఏదో ఒక క్షణంలో కరెంటు ఒక దారిన దిగి ఇంకొక దారిన ఎక్కి గుండ్రంగా తిరగడం మొదలుపెడుతుంది. ఇక పవర్‌హౌస్‌తో పని లేదు, ఆ చక్రం చెప్పినట్టే గుండె కొట్టుకుంటుంది. చక్రం ఎక్కడైనా ఒక్కసారి తెగితే చాలు, వెంటనే మామూలు లయ వస్తుంది. స్విచ్ తీసినట్టు ఆగడానికి కారణం అదే.

ఆ చక్రాన్ని తెంచే ఉపాయం ఒకటి మన చేతిలోనే ఉంది. మలబద్ధకంలో ముక్కినట్టు ఊపిరి బిగపట్టడం పాత పద్ధతి. 2015లో బ్రిటన్‌లో 428 మంది రోగుల మీద చేసిన ఒక పరిశోధనలో దీనికి చిన్న మార్పు చేశారు. రోగిని వెనక్కు వాలుగా కూర్చోబెట్టి 15 సెకన్లు గట్టిగా ఊదమన్నారు. వెంటనే వెల్లకిలా పడుకోబెట్టి రెండు కాళ్ళూ ఏటవాలుగా పైకెత్తి మరో 15 సెకన్లు పట్టుకున్నారు. పాత పద్ధతిలో వందకు 17 మందికి దడ ఆగితే, ఈ పద్ధతిలో 43 మందికి ఆగింది. ఖర్చు లేదు, సూది లేదు. ఊదడానికి పది మిల్లీలీటర్ల ఖాళీ సిరంజి ఇస్తారు, లోపలి కడ్డీ కొంచెం కదిలేంత బలంగా ఊదాలి. ఇది ఎస్.వి.టి. అని ముందే తేలినవాళ్ళు, డాక్టరు దగ్గర ఒకసారి నేర్చుకుని, ఇంట్లో చేసుకోవచ్చు. ఛాతీలో నొప్పి ఉన్నవాళ్ళు, స్పృహ తప్పుతున్నవాళ్ళు ఈ ప్రయోగాలతో కాలం వృథా చేయకూడదు. మెడ నరం నొక్కడం కొందరు చూసి నేర్చుకుంటారు. అది ఇంట్లో చేయవద్దు. వయసు మళ్ళినవాళ్ళకు దానివల్ల పక్షవాతం వచ్చే ప్రమాదం ఉంది.

ఊదినా ఆగకపోతే ఆసుపత్రిలో అడినోసిన్ అనే మందును నరంలోకి వేగంగా ఎక్కిస్తారు. కొన్ని సెకన్లలో పని చేసి, కొన్ని సెకన్లలో మాయమవుతుంది. ఆ కాస్సేపు ఛాతీ బిగుసుకుని ప్రాణం పోతున్నట్టు అనిపిస్తుంది. ముందే చెబితే రోగి భయపడడు, చెప్పకపోతే ఆ భయం జన్మంతా గుర్తుంటుంది. ఆస్తమా ఉన్నవాళ్ళకు ఈ మందు సాధారణంగా వాడరు. కాబట్టి ఆయాసం జబ్బు ఉంటే సూది పడక ముందే నోరు తెరిచి చెప్పండి.

శాశ్వతంగా పోగొట్టే వైద్యం కూడా ఉంది. దాని పేరు అబ్లేషన్. తొడ మొదట్లో ఉన్న సిర ద్వారా సన్నని తీగలను గుండెలోకి పంపుతారు. అవి లోపలి కరెంటును అంగుళం అంగుళం వెతికి దొంగదారి ఎక్కడుందో కనిపెడతాయి. అప్పుడు తీగ కొనను రేడియో తరంగాలతో వేడి చేసి, ఆ కొద్ది మిల్లీమీటర్ల చోటును మాత్రం మాడుస్తారు. ఛాతీ కోయడం ఉండదు. ఒకటి రెండు రోజుల్లో ఇంటికి పంపుతారు. ఎస్.వి.టి.లో వందకు 95 మందికి పైగా ఇది ఫలిస్తుంది. పని చేసే చోటు ఆ ముఖ్యద్వారానికి దగ్గర కాబట్టి, వందలో ఒకరికి లేదా అంతకన్నా తక్కువ మందికి ఆ ద్వారం దెబ్బతిని పేస్‌మేకర్ పెట్టవలసి రావచ్చు. ఈ మాట కూడా అడిగి తెలుసుకుని సంతకం పెట్టండి. నెలకు ఒకసారి, రెండుసార్లు దడ వచ్చేవాళ్ళకు జీవితాంతం మాత్రలు మింగడం కంటే ఇది మేలని నేను చెబుతాను. ఏడాదికి ఒక్కసారి వచ్చి తనంతట తానే ఆగేవాళ్ళకు తొందరేమీ లేదు.

రెండో రకం, వాన చినుకుల లయ. దీన్ని ఏట్రియల్ ఫిబ్రిలేషన్ అంటారు. పై గదులు ముడుచుకోవడం మాని వణుకుతుంటాయి. ఇక్కడ దడ కన్నా పెద్ద ప్రమాదం రక్తం గడ్డ. వణికే గదిలో రక్తం నిలిచి గడ్డ కడుతుంది, అది జారి మెదడుకు పోతే పక్షవాతం. ఈ లయ ఉన్నవాళ్ళకు పక్షవాతం ముప్పు అయిదు రెట్లు ఎక్కువ. కీళ్ళజ్వరం వల్ల గుండె కవాటం సన్నబడినవాళ్ళకు ఇంకా చాలా ఎక్కువ. చిన్నప్పుడు గొంతునొప్పి వచ్చి, తరువాత కీళ్ళు వాచి తగ్గిపోయిన ఆడపిల్లలు, పెళ్ళయి గర్భవతులైన తరువాత ఆయాసంతో రావడం మనం ఇప్పటికీ చూస్తున్నాం.

వీళ్ళకు వేగం తగ్గించే మందుతో పాటు రక్తం గడ్డ కట్టకుండా మందు ఇస్తారు. ఇప్పుడు కొత్త మందులు వచ్చాయి, తరచుగా రక్తపరీక్ష అక్కరలేదు. అయితే 2022లో వెలువడిన ఒక పెద్ద పరిశోధనలో, కీళ్ళజ్వరం వల్ల కవాటం చెడినవాళ్ళకు కొత్త మందు కన్నా వార్‌ఫరిన్ జాతి పాత మందే మేలని తేలింది. దానికి ఐ.ఎన్.ఆర్. అనే పరీక్ష క్రమం తప్పకుండా చేయించుకోవాలి. ఆ అంకె సాధారణంగా 2, 3 మధ్య ఉండాలి. దడ తగ్గింది కదా అని ఈ మాత్ర ఆపేసి, మూడు నెలలకు కాలూ చెయ్యీ పడిపోయి వచ్చేవాళ్ళను చూస్తే మనసు చివుక్కుమంటుంది. ఆ మాత్ర ఇచ్చింది దడ కోసం కాదమ్మా, పక్షవాతం రాకుండా అని ప్రతిసారీ చెప్పవలసి వస్తోంది.

మూడో రకం కింది గదుల్లో పుట్టే వేగం, వెంట్రిక్యులర్ టాకికార్డియా. ఎక్కువగా లోగడ గుండెపోటు వచ్చి కండరంలో మచ్చ పడినవాళ్ళకు వస్తుంది. ఇది అన్నిటికన్నా ప్రమాదకరమైనది. నాడి జారిపోతుంటే మందుల కోసం ఆగకుండా కరెంటు షాక్ ఇచ్చి లయను సరిచేస్తారు. మళ్ళీ వచ్చే అవకాశం ఉన్నవాళ్ళకు ఛాతీ చర్మం కింద ఐ.సి.డి. అనే చిన్న యంత్రం అమరుస్తారు. లయ తప్పితే అదే కనిపెట్టి అదే షాక్ ఇస్తుంది. మనిషికి మొదటిసారి దీన్ని అమెరికాలో 1980లో అమర్చారు. మనిషి కూలిపోయి, పిలిస్తే పలక్క, ఊపిరి లేకపోతే 108కి ఫోన్ చేయించి, రొమ్ము ఎముక మధ్య రెండు చేతులూ పెట్టి నిమిషానికి 100 నుంచి 120 సార్లు రెండు అంగుళాల లోతు నొక్కుతూ ఉండండి. ముఖం మీద నీళ్ళు చల్లుతూ, చేతిలో ఇనుప తాళాలు పెడుతూ కూర్చుంటే ఆ నిమిషాలు తిరిగి రావు.

దడతో పాటు స్పృహ తప్పినా, ఛాతీలో నొప్పి వచ్చినా, ఇంటి వంశంలో చిన్న వయసులో హఠాత్తుగా పోయినవాళ్ళున్నా రేపటి దాకా ఆగకండి. మారికుప్పం నుంచి తెల్లవారుజామున రైలెక్కి బెంగళూరు పనికి పోయే పిల్లలు, బండిలో దడ వస్తే "రాత్రికి వచ్చాక చూద్దాం" అనుకుంటారు. దిగిన స్టేషను దగ్గర ఏ ఆసుపత్రి ఉంటే అక్కడ, దడ ఉండగానే, ఇ.సి.జి. తీయించుకోండి. చిన్న క్లినిక్ అయినా ఫరవాలేదు. చక్కటి గుండె చిత్రం పదిసార్లు తీసినా రాని సమాచారం, దడ నడుస్తుండగా తీసిన ఒక్క కాగితంలో ఉంటుంది. దడ రోజూ వచ్చేదైతే 24 గంటలూ ఒంటికి కట్టే హోల్టర్ యంత్రం పట్టుకుంటుంది. ఇప్పుడు కొన్ని చేతిగడియారాలు కూడా ఒక గీత రాసి చూపిస్తున్నాయి. వాటిని నమ్మి మందు మింగవద్దు, కాని డాక్టరుకు తప్పకుండా చూపించండి.

అబ్లేషన్ వంటి వైద్యం కోసం మన వాళ్ళు బెంగళూరులోని జయదేవ సంస్థకో, వేలూరుకో వెళుతుంటారు. జయదేవ ప్రభుత్వ సంస్థ. రేషను కార్డు, ఆధారు కార్డు పట్టుకుని ముందు ప్రభుత్వ ఆసుపత్రిలో రెఫరల్ చీటీ రాయించుకుని వెళితే ఆయుష్మాన్ భారత్ ఆరోగ్య కర్ణాటక పథకం కింద ఏమి వర్తిస్తుందో అక్కడే చెబుతారు.

పూలమ్మే తల్లికి ఒకరోజు దడ ఆగలేదు. గంటన్నర సాగింది. ఆమె కొడుకు ఆటోలో ఎక్కించి దగ్గరి క్లినిక్కు తీసుకుపోయి, "ముందు ఇ.సి.జి. తీయండి, తరువాత సూది వేయండి" అన్నాడు. గీత నిమిషానికి 190 చూపించింది. ఆ కాగితం చూసిన గుండె డాక్టరు ఇంకో మాట అడగలేదు. రెండు నెలల తరువాత అబ్లేషన్ జరిగింది. నిద్రమాత్రలు ఆగిపోయాయి. తాయెత్తు మాత్రం అత్తగారి కోసం ఉంచుకుంది.

ఒక చిన్న విషయం చెప్పి ముగిస్తాను. చాలాచోట్ల ఇ.సి.జి.ని వేడికి నల్లబడే కాగితం మీద తీస్తారు. ఏడాది రెండేళ్ళలో ఆ గీతలు వెలిసిపోతాయి. లామినేషన్ చేయిస్తే కాగితమంతా ఒక్కసారిగా నల్లబడిపోతుంది. తీసిన రోజే జిరాక్స్ చేయించండి, ఫోనులో ఫోటో తీసి పెట్టుకోండి, వెనుక తేదీ, దడ మొదలైన వేళ, ఆగిన వేళ రాయండి. ఆమె కొడుకు ఆ జిరాక్స్‌ను ఇప్పటికీ రేషను కార్డుతో పాటే ప్లాస్టిక్ కవరులో దాచి ఉంచాడు.